తనఖా పడిన యిల్లు

మైలవరము పేరు చెప్పగనే ఆంధ్రులకు బాలభారతీ నాటక సమాజము జ్ఞప్తికి వచ్చును. జమీందారుల పోషణమున వెలసిన యా సమాజము ఇరువదవ శతాబ్దపు తొలిదినములలో మన రంగస్థలమునకు మేటి నటులను, గాయకులను ప్రసాదించినది. ఆ కాలపు ప్రేక్షకుడు తెలుగునాట ఏ యూరనైనను హరిశ్చంద్రుని కథను కన్నీటితో చూచెడివాడు. ఋణము తీర్చుటకై ఆలిని, కొడుకును, తుదకు తన్ను దా నమ్ముకొన్న రాజును మహాపురుషుడని కొనియాడెడివాడు. ఆ కొనియాట తగినదే. కాని యింటికి మరలివచ్చి, తాను వ్రాసియిచ్చిన తనఖా దస్తావేజునకు ఇంతవరకు ఎంత చెల్లించితిని, ఇక నెంత చెల్లింపవలసియున్నది యని లెక్క చూచుకొన్నవాడు అరుదు. అప్పు తీర్చుట ధర్మమని మన మెఱుగుదుము. అప్పును లెక్కించుటయు ధర్మమే యని మనకు నేర్పినవారు తక్కువ.

నేడు మైలవరము, నందిగామ, జగ్గయ్యపేట ప్రాంతములలో క్రొత్తయిల్లు లేచినదన్నచో, దాని పత్రములు బ్యాంకు పెట్టెలో నుండుట సామాన్యమైనది. గృహప్రవేశమునకు వచ్చిన బంధువులు "నెలకెంత కట్టవలెను?" అని యడుగుదురు. కొంచెము తెలిసినవారు "వడ్డీ యెంత?" అని యడుగుదురు. "తీరునాటికి మొత్తము ఎంత యగును?" అని యడుగువారిని మేము మిక్కిలి తక్కువగా చూచితిమి. ఈ మూడవ ప్రశ్నయే అసలైన ప్రశ్న యనియు, దానిని అడుగకపోవుట మన ప్రాంతమునకు తరతరములుగా వచ్చిన యలవాటనియు చూపుటకే యీ వ్యాసమును వ్రాయుచున్నాము. తనఖాయొక్క ఖరీదు వడ్డీరేటులోకన్న గడువులో దాగియుండును. వడ్డీ కంటికి కనబడకుండ పోవు పద్ధతియే అన్నిటికంటె ప్రియమైన పద్ధతి. దీనికి చరిత్రమే సాక్ష్యము.

తనఖా మనకు ఇంగ్లీషువారు తెచ్చినది కాదు. యాజ్ఞవల్క్యస్మృతి దీనిని ఆధి యన్నది. ఆధి రెండు విధములు. ఋణదాత కేవలము దాచియుంచునది గోప్యాధి. అతడు ఫలమును అనుభవించునది భోగ్యాధి. అప్పు వడ్డీతో రెట్టింపైనను విడిపింపనిచో ఆధి ఋణదాతకు దక్కును. ఫలము ననుభవించు భోగ్యాధి మాత్రము ఎన్నటికిని అట్లు పోదు. ఒక్కమారుగా పుచ్చుకొను వడ్డీ అసలును మించరాదని మనువు విధించెను. దామ్‌దుపత్ అను పేర న్యాయస్థానములలో తరువాత వినబడిన నియమ మిదియే.

ఇది చూచి పూర్వకాలమంతయు న్యాయమయమని మురియరాదు. ఆ మనువే నూటికి నెలకు రెండు, మూడు, నాలుగు, అయిదు చొప్పున వర్ణక్రమమును బట్టి వడ్డీ హెచ్చించెను. ఎవనికి తక్కువ కలదో వాడే యెక్కువ చెల్లింపవలెనన్న మాట. మఱియు రెట్టింపు నియమము ఒక్కమారుగా వసూలు చేయు వడ్డీకే గాని, ఏటేట పుచ్చుకొను వడ్డీకి గాదు. భోగ్యాధిలో ఋణదాత తినిన పంటకు లెక్కయే లేదు. మన కథ యంతయు నీ సందునుండియే నడచినది.

ఇంగ్లీషు కంపెనీవారు 1802వ సంవత్సరపు 34వ రెగ్యులేషనుచే మదరాసు రాజధానియందు వడ్డీకి నూటికి 12 అను హద్దు పెట్టిరి. 1855లో వచ్చిన 28వ చట్టము వడ్డీ పరిమితులను తొలగించెను. అప్పటినుండి ఉభయులు ఒప్పుకొన్నదే వడ్డీ. ఆకలిగొన్నవాని యొప్పుకోలు ఎట్టిదో చదువరులకు చెప్పనక్కఱలేదు. షరతు విక్రయమను దస్తావేజులో, నిర్ణయించిన దినమున సొమ్ము చెల్లింపనిచో తనఖాయే అమ్మకమగునని వ్రాసికొనెడివారు. 1870 ప్రాంతమున మదరాసు రాజధానికి చెందిన వ్యాజ్యెములో ప్రీవీకౌన్సిలువారు ఆ షరతును అక్షరార్థమున అంగీకరించిరి. గడువు దాటెను, ఇల్లు పోయెను, అంతే. 1882వ సంవత్సరపు ఆస్తి బదలాయింపు చట్టము ఈ కాఠిన్యమును సడలించి, గడువు దాటినను సొమ్ము చెల్లించి ఆస్తిని విడిపించుకొను హక్కు తనఖా పెట్టినవానికి ఉన్నదని శాసించెను. స్వాధీనపు తనఖాను విడిపించుకొనుటకు 1963 వఱకు 60 ఏండ్ల వ్యవధి యుండెను. ఆ సంవత్సరపు కాలపరిమితి చట్టము దానిని 30 ఏండ్లకు తగ్గించెను. అయితే యొకచేత ఇచ్చినది మఱియొకచేత తీసికొనబడెను. 1882 చట్టమునకు లోబడిన తనఖాలకు రెట్టింపు నియమము వర్తింపదని మదరాసు హైకోర్టు నిర్ణయించెను. విడిపించుకొను హక్కు మిగిలినది. విడిపించు సొమ్మునకు మాత్రము హద్దు పోయినది.

ఇక మన మెట్ట ప్రాంతమునకు వత్తము. బెజవాడ ఆనకట్ట 1855లో పూర్తియైన పిదప దిగువనున్న డెల్టా పచ్చబడినది. ఎగువనున్న మైలవరము, నందిగామ, జగ్గయ్యపేటల మెరక భూములకు ఆ నీరు ఎక్కలేదు. మైలవరపు కొండలలో పుట్టిన బుడమేరు సయితము దిగువకే పరుగెత్తినది. నాగార్జునసాగరపు కాలువ లీవైపునకు వచ్చుటకు ఇంకను నూఱేండ్లు పట్టెను. అంతవఱకు వానయు, చెరువును, బావియు రైతునకు దిక్కు. వాన తప్పినయేడు శిస్తునకు అప్పు, విత్తనములకు అప్పు, ఎద్దు చచ్చినచో అప్పు. పెండ్లికి అప్పన్నది సరేసరి. అప్పునకు హామీ కావలెను. మైలవరము జమీ గ్రామముల రైతునకు భూమిపై హక్కు 1908వ సంవత్సరపు మదరాసు ఎస్టేట్ల భూమి చట్టముచేత స్థిరపడెను. జిరాయితీ హక్కు చేతికి వచ్చిన రైతు దానిని అమ్ముకొనగలడు, తనఖాయు పెట్టగలడు. రైతునకు ఇది మేలే. కాని హక్కుపత్రము ఏ తలుపునుండి లోనికి వచ్చెనో, ఆ తలుపునుండియే షావుకారును లోనికి వచ్చెను.

స్వాధీనపు తనఖా ఎట్లు పనిచేసెడిదో యొక ఉదాహరణముచే చూతము. ఒక రైతు 300 రూపాయలు తీసికొని మూడెకరములు అప్పగించెననుకొందము. దస్తావేజులో "వడ్డీకి బదులు ఫలసాయము" అని వ్రాసికొందురు. ఖర్చులుపోను ఆ భూమిపై ఏటికి 45 రూపాయలు వచ్చుననుకొన్నచో, అది నూటికి 15 వడ్డీ. అయినను రైతు చేతినుండి ఒక్క రూపాయయు పోదు గావున, "మా కప్పుపై వడ్డీ లేదు" అని యతడు తృప్తిపడును. ఇరువదియేండ్లు గడచును. ఋణదాతకు 900 రూపాయలు చేరినవి. అసలు 300 రూపాయలు చెక్కు చెదరక నిలిచియున్నవి. తండ్రి పోయి కొడుకు వచ్చును. తన పొలములోనే తాను కూలికి పోవుచు, "తాతనాటి మూడువందలు" అని చెప్పుకొనుచుండును. వడ్డీ ఉన్నదని తెలిసినవాడు వేదనపడును, వేదనపడినవాడు తీర్చుటకు ప్రయత్నించును. వడ్డీ లేదని నమ్మినవాడు ప్రయత్నమైనను చేయడు. ఆ పద్ధతియొక్క నిజమైన హాని యిది.

ఇంటి విషయమున మఱియొక విశేషము కలదు. 1908వ సంవత్సరపు సివిలు ప్రొసీజరు కోడు 60వ సెక్షను ప్రకారము, వ్యవసాయదారుడు స్వయముగా కాపురమున్న యింటిని సామాన్యపు అప్పుల డిక్రీక్రింద జప్తు చేయుటకు వీలులేదు. అంతకుముందరి కోడునందును ఇట్టి రక్షణ యుండెను. పేదవాని గూడు నిలువవలెనని చట్టము చూపిన దయ యిది. కాని యా యింటినే తనఖా పెట్టినచో ఈ రక్షణ పనికిరాదు. తనఖా డిక్రీ పుట్టినప్పుడు ఆ యిల్లు వేలమునకు పోవును. కావున తనఖా వ్రాసినవాడు వడ్డీ నొక్కదానినే యిచ్చుట లేదు. చట్టము తనకు ఉచితముగా నిచ్చిన కవచమును విప్పి ఋణదాత చేతికిచ్చుచున్నాడు. ఈ ఖరీదు ఏ దస్తావేజులోను అంకెలలో కనబడదు. ఇదే కాలమున, 1904లో, మదరాసు ప్రభుత్వము అవిభాజ్య ఎస్టేట్ల చట్టమును చేసి, అందు చేరిన పెద్ద జమీలను తన జీవితకాలమునకు మించి తనఖాలతో బంధింపకుండ జమీందారునకు అడ్డు పెట్టెను. పెద్దమేడలను అప్పునుండి కాపాడవలెనని 1904లోనే తోచిన ప్రభుత్వమునకు రైతు గుడిసె గుర్తు వచ్చుటకు మఱి 34 ఏండ్లు పట్టెను.

ఈలోపల అప్పు పెరుగుచునే యుండెను. మదరాసు రాజధాని గ్రామఋణము 45 కోట్లని 1895లో ఫ్రెడరికు నికల్సను అంచనా వేసెను. 1930లో బ్యాంకింగు విచారణ సంఘమువారు దానిని 150 కోట్లనిరి. 1935లో సత్యనాథను నివేదిక 200 కోట్లన్నది. నడుమ 1929లో లోకమంతట మాంద్యము వచ్చి పంటల ధరలు కూలినవి. ధర సగమైనచో, వాయిదాకు ఒక బస్తా అమ్మెడివాడు రెండు బస్తాలు అమ్మవలెను. కాగితముమీది అంకె మారలేదు, రైతు చెమటలో దాని విలువ రెట్టింపైనది. అప్పు ఖరీదు కాలమునుబట్టి మారునని మనవా రంతటి కఠినముగా నేర్చుకొన్న పాఠము మఱియొకటి లేదు.

1938లో రాజగోపాలాచారిగారి మంత్రివర్గము తెచ్చిన మదరాసు వ్యవసాయదారుల ఋణవిమోచన చట్టము ఆ పాఠమునకు సమాధానము. 1932 అక్టోబరు 1వ తేదీకి ముందరి అప్పులపై, 1937 అక్టోబరు 1 నాటికి నిలిచియున్న వడ్డీ యంతయు రద్దయ్యెను. అసలుగా నైనను, వడ్డీగా నైనను, రెండును కలిపియైనను, అసలుకు రెట్టింపు చెల్లించినవాని అప్పు పూర్తిగా తీరినట్లేయని ఆ చట్టము పలికెను. చదువరులు ఇచట ఒక్క క్షణము నిలువవలెను. మనువుయొక్క రెట్టింపు నియమము ఒక్కమారు వసూలు చేయుదానికే హద్దు. 1938 చట్టము మొదటినుండి చెల్లించినదానినంతయు ఒకచోట కూడిచూడుమన్నది. "ఇంతవఱకు మొత్తము ఎంత కట్టితివి?" అను ప్రశ్నను శాసనముగా చేసినది. మా యుద్దేశమున ఆ చట్టముయొక్క గొప్పతనము వడ్డీ కొట్టివేయుటలోకన్న, రైతుచేత కూడిక వేయించుటలో నున్నది.

అయినను ఆ చట్టమునందే యొక లోపము మిగిలెను. వడ్డీరేటు వ్రాసికొనని స్వాధీనపు తనఖాలకు ఈ రక్షణ వర్తింపలేదు. పైన చెప్పిన మూడువందల రూపాయల రైతు గతి యేమైనట్లు? కనబడు వడ్డీని చట్టము పట్టుకొన్నది, కనబడని వడ్డీ తప్పించుకొన్నది. ఈ లోపమును సరిదిద్దుటకు 1948 సవరణ రావలసివచ్చెను. 30 ఏండ్లు ఋణదాత అనుభవములో నున్న స్వాధీనపు తనఖా అప్పు తీరినట్లేయని, కొన్ని మినహాయింపులతో, అది విధించెను. సంస్కర్తల కన్నునే కప్పగలిగిన మఱుగు సామాన్యుని కన్ను కప్పుట వింత కాదు.

ఇంకొక మార్గమును ఆ కాలముననే తెఱవబడెను. 1929లో మదరాసున కేంద్ర సహకార భూమి తనఖా బ్యాంకు స్థాపింపబడినది. దీర్ఘకాలపు అప్పును సమాన వాయిదాలుగా విభజించి, ప్రతి వాయిదాలో వడ్డీతోపాటు అసలులోను కొంత తీరునట్లు చేయుట దాని పద్ధతి. అసలు ఎన్నటికిని కదలని భోగ్యపు తనఖాకు ఇది సరియైన విరుగుడు. నేటి గృహఋణపు నెలవాయిదాకు ఇదియే పూర్వరూపము. అనగా నెలవాయిదా మోసము చేయుటకు పుట్టినది గాదు, మేలు చేయుటకే పుట్టినది. 1977లో బొంబాయిలో హెచ్‌డీఎఫ్‌సీ సంస్థయు, 1988లో జాతీయ గృహనిర్మాణ బ్యాంకును వెలసిన పిదప ఈ పద్ధతి జీతగాండ్ర యిండ్లలోనికి వచ్చెను. నేడు చిన్నయూళ్లకును వ్యాపించినది. మేలునకు పుట్టిన పద్ధతియు లెక్క తెలియనివాని చేతిలో ఎట్లు మఱుగగునో ఇక చూతము.

20 లక్షల రూపాయలు, నూటికి 9 వడ్డీ, 20 ఏండ్ల గడువు అనుకొందము. నెలవాయిదా సుమారు 17,995 రూపాయలు. మొదటినెల వాయిదాలో 15,000 వడ్డీకే పోవును, అసలులో తీరునది 2,995 మాత్రమే. పదియేండ్లు ఒక్కనెలయు తప్పక కట్టినవాడు 21 లక్షల 59 వేలు చెల్లించియుండును. సగము గడువు గడచినది గదా, సగము అప్పు తీరినదని యతడు తలచును. నిజమునకు ఇంకను 14 లక్షల 20 వేలు బాకీ. కడపటికి అతడు చెల్లించునది 43 లక్షల 19 వేలు. 1938 చట్టపు కొలతతో కొలిచినచో, రెట్టింపు హద్దు దాటిన అప్పు ఇది.

ఇప్పుడు గడువును మార్చి చూడుడు. 15 ఏండ్లకైనచో నెలకు 20,285 రూపాయలు, మొత్తము 36 లక్షల 51 వేలు. నెలకు 2,290 రూపాయలు ఎక్కువ కట్టుటచే 6 లక్షల 67 వేలు మిగులును. 30 ఏండ్లకైనచో నెలకు 16,092 రూపాయలు, మొత్తము 57 లక్షల 93 వేలు. నెలకు 1,900 రూపాయలు తగ్గినదని సంతసించినవాడు 14 లక్షల 74 వేలు అదనముగా ఇచ్చుకొనును. వడ్డీరేటు మూడింటను ఒక్కటే. మారినది గడువొక్కటే.

మాఱు వడ్డీ సంగతి ఇంతకంటె సూక్ష్మమైనది. రిజర్వు బ్యాంకు రెపో రేటు 2020 మే నెలలో నూటికి 4 ఉండెను. 2022 మే మొదలు 2023 ఫిబ్రవరిలోపల 6.5 అయ్యెను. 2025లో కొంత దిగినది. 20 లక్షలు 20 ఏండ్లకు నూటికి 7 చొప్పున తీసికొన్నవాని వాయిదా 15,506 రూపాయలు. రెండేండ్లు కట్టిన పిదప బాకీ 19 లక్షలు. అప్పుడు వడ్డీ 9.5 అయినచో నెలవడ్డీయే 15,053 రూపాయలు. వాయిదాను మార్చక గడువునే పొడిగించినచో అసలులో తీరునది నెలకు 453 రూపాయలు. మిగిలిన 18 ఏండ్లు 37 ఏండ్లకు మించిపోవును. వాయిదా మారలేదు గావున యింట నెవ్వరికిని ఏమియు తెలియదు. "తాతనాటి మూడువందలు" వేషము మార్చి మరల వచ్చుట యనగా ఇదే.

దీనికి ఎదురుమాట కలదు. ధరలు పెరుగుచుండగా రూపాయి విలువ తగ్గును, కావున ఇరువదియవయేట కట్టు 18 వేలు నేటి 18 వేలు కావు. అప్పు లేకున్న అద్దె యిచ్చుకొనవలెను. ఇంటి విలువయు పెరుగవచ్చును. ఈ మాటలలో సత్యము కలదు. గృహఋణము తీసికొనరాదని మేము చెప్పుట లేదు. కాని 1929 తరువాత పంట ధరలు ఎటు పోయెనో పైన చూచితిమి. పెరుగుట సహజమని నమ్మి అప్పు చేసినవానిని తగ్గుట ముంచును. మఱియు ఇప్పుడు ఋణదాత చేతిలో పూర్వమున్నదానికంటె పదునైన ఆయుధ మున్నది. 2002వ సంవత్సరపు సర్ఫేసీ చట్టము ప్రకారము, బాకీ మొండిపడినపుడు బ్యాంకు 60 దినముల నోటీసు ఇచ్చి, కోర్టు డిక్రీతో పనిలేకయే హామీ ఆస్తిని స్వాధీనపఱచుకొనవచ్చును. వ్యవసాయభూమికి ఆ చట్టమునుండి మినహాయింపు కలదు. ఇంటికి లేదు.

కావున లెక్కయే రక్షణ. అందుకు నేడు సాధనములును కలవు. మాఱు వడ్డీ గృహఋణమును ముందుగా తీర్చినచో జరిమానా వేయరాదని రిజర్వు బ్యాంకు 2012లో ఆదేశించెను. వడ్డీ మాఱినపుడు వాయిదా పెంచుటయా, గడువు పెంచుటయా యని ఋణగ్రస్తుని అడుగవలెనని 2023 ఆగస్టులో ఆజ్ఞాపించెను. అప్పు తీరిన 30 దినములలో పత్రములు తిరిగి ఇయ్యవలెను, బ్యాంకు తప్పుచే ఆలస్యమైనచో దినమునకు 5,000 రూపాయలు చెల్లింపవలెను అను నియమము 2023 డిసెంబరునుండి అమలులో నున్నది. 2024 అక్టోబరునుండి, అప్పుయొక్క మొత్తము ఖర్చును సంవత్సరపు రేటుగా చూపు ముఖ్యవివరముల పత్రమును ముందుగానే యియ్యవలెను. 1938లో శాసనసభ రైతు పక్షమున వేసిన కూడికను నేడు ఎవరి కూడిక వారు వేసికొనుటకు కాగితము చేతికే వచ్చుచున్నది. చదువుట మన వంతు.

పంట చేతికి వచ్చిననాడు, జీతము పెరిగిననాడు, కొంత సొమ్ము అసలులో జమకట్టి గడువు తగ్గింపుమని వ్రాతపూర్వకముగా కోరవలెను. ఏటికొకమారు బాకీపట్టిక తెప్పించి మూడంకెలు వ్రాసికొనవలెను: ఇంతవఱకు ఎంత కట్టితిమి, అసలులో ఎంత తీరినది, ఇక నెన్నాళ్లు. ఆ లెక్క యింటియజమాని జేబులో దాగియుండరాదు. సంతకమునకు మాత్రమే పిలువబడి, వాయిదా తప్పిననాడు మెడలోని గొలుసు తీసియిచ్చు యిల్లాలు ఆ మూడంకెలను ముందుగా తెలిసికొనవలసినది. హరిశ్చంద్రుని ఋణము చంద్రమతి చేసినది కాదు. అయినను వేలములో మొదట నిలిచినది ఆమెయే.

ఋణము తీర్చిన రాజును చూచి మన తాతలు కంట తడిపెట్టిరి. వారి మనుమల మైన మనము ఆ ధర్మమును విడువవలసిన పనిలేదు. దానికి ఒక కూడికను చేర్చుకొన్న చాలును. గృహప్రవేశమునాడు గడపకు పసుపు పూయుటకు ముందు ఆ యింటి తుది ఖరీదును ఒక కాగితముమీద వ్రాసి, ఇంటివారందఱును చదువుకొందురుగాక.